చెవిటి కాపరి పిలుపు

మిమ్మల్నే అడుగుతున్నాను, సూటిగా జవాబు చెప్పండి. రేపటినుంచి మీ గొంతు వినపడకపోతే ఆ సంగతి మొట్టమొదట పసిగట్టేది ఎవరు? ఇంటిదా? రూమ్‌లో పక్క మంచం మనిషా? కంపెనీలో ఫోర్‌మనా? తొందరపడకండి. మా మేనమామ విషయంలో మొదట పసిగట్టింది తోడేలు. నాకంటే ముందు!

మామ పోయిన వారం ఇక్కడే, ఒమాన్‌లో, ఇబ్రా ఆస్పత్రిలో కన్నుమూశాడు. గుండె ఆగింది. ఆయన కాసిన మేకల దొడ్డి యజమానిని మేం అర్బాబ్ అని పిలుస్తాం. తెల్లారగానే ఆ పెద్దమనిషే ఫోన్ చేశాడు. నేను ఖురంలో డ్యూటీకి బస్సెక్కుతున్నాను. "నీ మామూ పోయాడు" అని హిందీలో ఒక్క మాట అన్నాడు. ఫోన్ మాత్రం పెట్టెయ్యలేదు. ఫోన్‌లో మేకల అరుపులు వినిపిస్తూనే ఉన్నాయి.

మాది కడప వైపు పల్లె. మామకి చిన్నప్పటినుంచి మేకలతోనే బతుకు. ఒమాన్‌కి వచ్చింది మాత్రం రాళ్ళు పగలగొట్టడానికి. అల్ అమెరాత్‌లో కొండ తొలిచి ఇళ్ళు కట్టే సైట్లలో ఏళ్ళకేళ్ళు బ్రేకర్ మిషన్ పట్టాడు. ఆ మిషన్ కొండతోపాటు మామ చెవుల్నీ తొలిచేసింది. ఎడమ చెవి పూర్తిగా పోయింది. కుడిచెవిలో దగ్గరగా వచ్చి గట్టిగా అంటే కొంచెం దూరేది. సైట్ పని ఇక కుదరక, ఇబ్రా దాటాక కొండల్లో ఉన్న ఈ దొడ్డికి వచ్చాడు.

"వినపడని మనిషివి, మంద ఎట్ల కాస్తావు మామా?" అని మొదట్లో అడిగాను.

"మందే నన్ను కాస్తాది అబ్బీ. ఒక్కో మేకకి రెండేసి చెవులుండాయి. ఇంగ నాకెందుకు?"

ఎగతాళికి అన్నాడనుకున్నాను. కాదు. మామ ఎప్పుడూ మేకల చెవులే చూసేవాడు. లారీ వస్తే చెవులు ఒకసారి తిరిగి దిగిపోయేవి. నక్క వస్తే దగ్గర్లో ఉన్నవే తలెత్తేవి. తోడేలైతే మందంతా నెమరు ఆపేసి, చెవులన్నీ ఒకే దిక్కుకి నిలబెట్టేది. మనకి గాలి తప్ప ఏమీ వినపడని వేళ వాటికి కొండ అవతలి అడుగు వినపడేది. చెవిని పుట్టించినవాడు ఎలాంటివాడో ఒక్కసారి ఆలోచించండి!

పిలుపుల విద్య మామకి మా ఊళ్ళోనే అబ్బింది. ఆ రోజుల్లో నక్కలు పట్టేవాళ్ళు వచ్చేవారు. పొద్దుగూకే వేళ గుట్ట పక్కన కంబళి కప్పుకుని కూర్చుని నక్కలా ఊళ వేసేవారు. అవతలి గుట్ట మీంచి నక్కలు జవాబిచ్చి, ఆ గొంతుని వెతుక్కుంటూ వలదాకా వచ్చేవి. మామ వాళ్ళ పక్కన కూర్చుని అంతా పట్టేశాడు. గాలి తన మొహానికి కొట్టేలా కూర్చోవాలి. పిలిచాక కదలకూడదు. "అది నేరుగా రాదు. చుట్టు తిరిగి గాలి చూసుకోని వస్తాది. చెవి చెప్పిన మాట ముక్కు ఒప్పుకునేదాకా నమ్మదు" అనేవాడు. ప్రతి ఆత్మనూ పరీక్షించి చూసుకోమని మనకి వాక్యం ఉంది. పరీక్షిస్తున్నామా మనం? ఫోన్‌లో ఏ గొంతు పిలిచినా పరిగెత్తుతున్నాం!

మామ చేరిన మొదటి ఏడే దొడ్డిమీద తోడేలు పడింది. ఈ కొండల్లో తోడేళ్ళు తక్కువ, అవి అరిచేది ఇంకా తక్కువ. పిల్లమేకలు ఒకటొకటిగా పోతుంటే అర్బాబ్ మామని కూర్చోబెట్టి చెప్పాడు. "నీకు పిలవడం వచ్చట. పిలువు. నేను తుపాకీ పట్టుకుని కూర్చుంటా. కుదరదంటే మేకలు అమ్మేస్తా, నువ్వు ఇంటికి పో."

వయసు మళ్ళిన చెవిటి మనిషికి మళ్ళీ వీసా ఎవడిస్తాడు? ఈ జీతం మీదే ఇంటిదగ్గర మా అత్తకి సూదిమందు, అది ఆగకూడదు. అయినా మామ ఒప్పుకోలేదు.

వేటకి ఆయన దగ్గర రెండు పిలుపులు ఉండేవి. ఒకటి దెబ్బ తగిలిన కుందేలు కీచుమన్నట్టు ఉంటుంది. అది విని ఆకలిగొన్నది వస్తుంది. రెండోది పిల్ల తోడేలు నొప్పితో ఏడ్చినట్టు ఉంటుంది. దానికి ఆకలితో పని లేదు. కడుపు నిండిన తల్లి కూడా గాలి చూసుకోవడం మరిచి ఉరికి వస్తుంది.

"అది పిలిస్తే ఒక్క పొద్దులో పనైపోతాది," అన్నాడు నాతో. "దాని తల్లి మనసునే ఉచ్చు జేసి దాని మెడకి ఎయ్యాల. నా నోట రాదురా అది."

"మరి కుందేలు పిలుపు పిలువు."

"దీన్ని చంపితే తావు ఖాళీ అవుతాది. ఖాళీ తావుకి ఇంకోటి వస్తాది. తావు ఖాళీగా లేదని చెప్పాల వాటికి."

అర్బాబ్ నవ్వాడట. "తోడేలుకి నువ్వు చెబుతావా?" అని. "చెప్తా. వినకపోతే నీ తుపాకీ యాడికీ పోదు కదా" అన్నాడట మామ.

అరిచేది తక్కువైనా, తోడేళ్ళు తమ పొలిమేరను ఊళతో చాటుకుంటాయి. అయితే మామకి వచ్చింది నక్క ఊళ. తోడేలు ఊళ వేరు. దాన్ని సరిగ్గా వినలేడు, తన గొంతు తనకే వినపడదు. మరి ఎలా నేర్చాడు? మేకల్ని ఎదురుగా పెట్టుకుని! సాయంత్రం దొడ్డి పక్క బండ ఎక్కి ఊళ వేసేవాడు. మేకలు నములుతూనే ఉండేవి. గొంతు కింద నుంచి ఎత్తి చూశాడు. మధ్యలో విరిచి చూశాడు. చివర సన్నగా సాగదీశాడు. మేకలు నములుతూనే ఉన్నాయి. ఒక సాయంత్రం నెమరు టక్కున ఆగింది. చెవులన్నీ బండవైపు నిలబడ్డాయి.

"ఆ పొద్దు నాకు పాఠం వచ్చేసింది అబ్బీ! మేకలు భయపడినాయి!" ఆ మాట చెప్పేటప్పుడు మామ మొహం చూడాలి మీరు.

ఒక శుక్రవారం సెలవుకి వెళ్ళి నేనూ విన్నాను. ఎండ దిగింది. కింద ఊరి మసీదులో మగ్రిబ్ నమాజు పిలుపు అయిపోయింది. మామ బండ ఎక్కి, నోటి చుట్టూ చేతులు పెట్టి, కింద వాదీ అనే ఎండిన వాగు మీదుగా ఒక ఊళ వదిలాడు. మేకలు తలెత్తి, బండ మీద ఉన్నది తమ మనిషేనని చూసుకుని, నెమరుకి దిగాయి. కాపరి గొంతు మందకి తెలుసని ఎన్ని ప్రార్థన మీటింగుల్లో వాక్యం చెప్పానో! చూడటం అదే మొదలు.

మామ మేకల్నే చూస్తున్నాడు. కాసేపటికి చెవులన్నీ కొండవైపు తిరిగాయి. మామ వేలెత్తాడు. అప్పుడు వినపడింది నాకు. ఒకటి ఎత్తుకుంది, ఇంకోటి అందుకుంది. గొంతులు ఎక్కుతూ దిగుతూ, రాళ్ళకి కొట్టుకుని మళ్ళీ మళ్ళీ వస్తూ, కొండంతా నిండిపోయింది.

"మామా, పదికి తక్కువ లేవు! లోపలికి పద!" అని కుడిచెవిలో అరిచాను.

"రెండే. ఆలూమగలు," అని నవ్వాడు. "గొంతులు మార్చి మార్చి మందలాగ వినిపిస్తాయి. నీ మీటింగులో ముగ్గురు కూచోని మైకు పెట్టి ఊరంతా ఉన్నట్టు పాడరూ?"

వాక్యంలోని గిద్యోను గుర్తొచ్చాడు నాకు. పిడికెడు మందితో కుండలు పగలగొట్టి, బూరలు ఊది, మహా సైన్యాన్ని పరిగెత్తించినవాడు.

"ఏమంటాండాయి మామా?"

"ఎవురు నువ్వు అంటాండాయి. ఈడనే ఉండా అన్నా. సరే, మేం ఆపక్క పోతాంలే అన్నాయి."

ఆ తరవాత మంద తగ్గలేదు. అర్బాబ్ తుపాకీని గుడ్డ చుట్టి అటకెక్కించాడు. మామ పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి బండ ఎక్కడం మానలేదు. జ్వరమొచ్చినా మానలేదు.

ఈసారి దొడ్డిలోనే కూలబడిపోయాడు. అర్బాబ్ ఆస్పత్రిలో చేర్చితే, "మా అబ్బికి చెప్పొద్దు, హడలిపోతాడు" అన్నాడట. నాకు తెలియదు. కొండకి తెలిసిపోయింది. రెండు సాయంత్రాలు ఊళ వినపడలేదు, మూడోనాటికి తోడేళ్ళు కంచెదాకా వచ్చేశాయి. ఒక పిల్లమేక పోయింది. అప్పుడు అర్బాబ్ నాకు ఫోన్ చేశాడు. "నీ మామూ ఎక్కడని అడగడానికి తోడేలు వచ్చింది. నువ్వూ రా."

ఆస్పత్రికి వెళ్ళాను. సంగతి చెవిలో చెప్పాను. "నేను లేనని తెలిసిపోయినట్టుండాది," అన్నాడు మామ. "నువ్వు పోయి పిలువు. గొంతుండాది కదా నీకు."

ఆ సాయంత్రం బండ ఎక్కి, నా బలమంతా పెట్టి ఊళ వేశాను. మేకలు నన్నోసారి చూసి మేతకి పోయాయి. మర్నాడు అది చెబితే మామ నవ్విన నవ్వుకి మంచం పక్క మిషన్ కుయ్ కుయ్ మంది.

"ఎంత గట్టిగా అరిస్తివి?"

"ఎంతుంటే అంత!"

"అదీ నీ జబ్బు. అరవగాకు. చెప్పు. ఇనేదానికి నీకంటే మంచి చెవులుండాయి."

అని, మాస్కు పక్కకి జరిపి, ఆ మంచం మీదే, మిగిలిన ఊపిరితో సన్నగా ఊళ వేశాడు. తిట్టడానికి పరిగెత్తుకొచ్చిన కేరళ నర్సమ్మ గుమ్మంలోనే నిలబడిపోయింది. ఎదుటి మంచం మీది ఒమానీ తాత దిండు మీంచి తలెత్తి "ధీబ్" అన్నాడు, తోడేలు అని, మెల్లగా, పాత చుట్టాన్ని గుర్తుపట్టినట్టు. మామకి ఇవేవీ వినపడలేదు. నా మొహమే చూస్తున్నాడు, మేకల చెవులు చూసినట్టు. సరిగ్గా వచ్చిందని నా మొహంలో చదువుకుని కళ్ళు మూసుకున్నాడు. ఆ సాయంత్రమే నేను డ్యూటీకని ఖురం తిరిగొచ్చాను. తెల్లారి ఫోన్.

మొన్న శుక్రవారం మళ్ళీ బండ ఎక్కాను. అరవలేదు, చెప్పాను. మేకల్లో కొన్ని చెవులెత్తాయి, అన్నీ కాదు. కొండ పలకలేదు. కింద అర్బాబ్ తుపాకీ గుడ్డ విప్పుతున్నాడు. "నువ్వు శుక్రవారం వస్తావు. తోడేలుకి శుక్రవారాలు తెలియవు," అన్నాడు. ఆయన మీద కోపం లేదు నాకు. ఆ రెండు తోడేళ్ళకి ఈ ఏడాది పిల్లలు పుట్టాయి. కిందా పిల్లలే, దొడ్డినిండా.

ఇబ్రాలో ఉన్న మనవాళ్ళారా! షాపుల్లో, సైట్లలో పని చేసేవాళ్ళారా! మీలో మేకలు కాసినవాడు ఉన్నాడు. చిన్నప్పుడు గుట్టమీది నక్కకి జవాబిచ్చినవాడు ఉన్నాడు. కులం అడగను, మతం అడగను, మీటింగుకి రమ్మనను. సాయంత్రానికొక గొంతు కావాలి, అంతే. అర్బాబ్ బండి పంపుతానన్నాడు. ఇప్పటికీ పొద్దు వాలేసరికి ఆ మేకలు నెమరు ఆపి, ఖాళీ బండవైపు చెవులు నిలబెట్టి చూస్తున్నాయి. కొండమీద ఇంకో రెండు జతల చెవులు అదే బండని వింటున్నాయి. రేపు అనకండి. ఈ రోజే డ్యూటీ దిగి, పొద్దు కొండ దిగకముందే ఆ బండ ఎక్కండి. ఇక్కడ మనిషున్నాడని చెప్పండి!