అంకయ్య ఊరు విడిచిన పొద్దు

ఈ కింద రాసేదంతా నిజం. నమ్మకం చాలకపోతే మార్కాపురం చెన్నకేశవస్వామి మీద ఒట్టు. అదీ చాలకపోతే మా ఆవిడ మీద ఒట్టు, ఆమెకు తెలియకుండా.

ప్రయాణానికి కారణం నా స్నేహితుడు అంకయ్య కొడుకు కేశవులు. అంకయ్య పడుచువయసులో పెద్దారవీడు పక్క పల్లెలో గొర్రెలమందను వదిలి మద్రాసు చేరాడు. మళ్ళీ ఊరి ముఖం చూడకుండానే ఆ ముందటేడు కన్నుమూశాడు. కేశవులు సినిమా బొమ్మల కంపెనీలో పని నేర్చుకుని, ఆ రోజుల్లో ఏ కంపెనీ ఆసరా లేకుండా తండ్రి కథనే ఫిల్ము తీస్తున్నాడు. అప్పటికింకా తెరమీద బొమ్మలకు మాటలు రాలేదు. అంకయ్య ఊరు విడిచే ఘట్టం మిగిలింది. దానికి కేశవులు దగ్గర ఉన్నది ఒక్కటే రీలు. చెడితే ఇంకోటి కొనే దారి లేదు. వాడి మేనత్త గురవమ్మ నాకు బాగా తెలుసని ఎప్పుడో కోతలు కోసిన పాపానికి నన్నూ లాక్కెళ్ళాడు.

రాత్రి మద్రాసులో మెయిలెక్కి తెనాలిలో దిగి, గుంటూరు చేరి అక్కడ చిన్న బండి పట్టుకున్నాం. మూడో తరగతిలో మా ఎదుట మార్కాపురం పలకల వ్యాపారి ఒకాయన కూర్చున్నాడు. కెమెరా పెట్టెలో ఏముందని అడిగితే, ఒక పెళ్ళిబృందం నిద్రపోతోందని చెప్పాను. ఆయన పులిహోర మూట అటుపక్కకు జరుపుకుని, “పిల్లది ఏ ఊరంట?” అన్నాడు. వినుకొండ దాటేలోగా ఆ పెళ్ళి నేనే జరిపించాల్సి వచ్చింది. సంభావనగా పులిహోర దొరికింది.

స్టేషను నుంచి మార్కాపురం ఊరు దూరం. వెళ్ళదలచినవాళ్ళు జట్కావాడితో ముందే బేరమాడుకోవడం మంచిది. ఆ రాత్రి సత్రంలో పడుకుని, తెల్లవారి ఎద్దుబండిలో పల్లె చేరేసరికి పది దాటింది.

గురవమ్మ మేనల్లుణ్ణి తడిమి తడిమి చూసుకుని, నా వైపు తిరిగి, “ఈయనెవరు?” అంది. మా పాత పరిచయం అక్కడితో సరి.

జొన్నరొట్టె, గోంగూర పెట్టింది. తింటూ కేశవులు తన ఘట్టం వివరించాడు: అర్ధరాత్రి, ఇల్లంతా నిద్ర, అంకయ్య దొంగలా తలుపు తీసుకుని వెళ్ళిపోతాడు. తండ్రి చెప్పింది అదేనట.

“రాత్రి గాదు నాయనా,” అంది గురవమ్మ. “పొద్దున మందను తోలుకపోతా, కర్ర నా చేతికిచ్చి పోయినాడు. నేనే పోనిచ్చినా. నా మీదికి మాట రాగూడదని అట్ల చెప్పుకున్నాడేమో. నీ బొమ్మలో మాత్రం నన్ను నిద్రబుచ్చొద్దు.”

కేశవులు రొట్టె పక్కన పెట్టి, తను రాసుకున్న కాగితంలో ‘అర్ధరాత్రి’ కొట్టేశాడు.

మర్నాడు పొద్దున్నే మంద దగ్గరికి వెళ్ళాం. కేశవులు మద్రాసు చొక్కా చూసి గొర్రెలు చెదిరిపోయాయి. గురవమ్మ ఇంటికెళ్ళి, అటక మీది అంకయ్య గొంగడి తెచ్చి వాడికి కప్పింది. గొర్రెలు సద్దుమణిగాయి. తండ్రి వేషం వాడిదే కాబట్టి కెమెరా పిడి తిప్పే పని నాది. ఫిల్ము పెట్టకుండా నా చేత తిప్పించి చూశాడు. నా చెయ్యి అచ్చం నా నోటిలాగే ఉరికి, ఊపిరి చాలక ఆగింది. పిడి ఒక్క తీరున తిరగకపోతే తెరమీద మనుషులు గంతులేస్తారని కేశవులు తల పట్టుకున్నాడు.

“జరుగన్నా. ఎన్నడన్నా తిరగలి పట్టినావా నువ్వు?” అని గురవమ్మ పిడి అందుకుంది. జొన్నలు విసిరినట్టే తిప్పింది. కేశవులు రీలు ఎక్కించాడు.

వాడు మంద ముందు నడిచి వచ్చి, కెమెరా పక్కగా కర్ర చాచాడు. గురవమ్మ కుడిచేత్తో తిప్పుతూనే ఎడమచేత్తో అందుకుంది. తెరమీద ఆమె ఉండదు, చెయ్యి ఒక్కటే ఉంటుంది. వాడు గొంగడి సర్దుకుని కొండవైపు బాట పట్టాడు. వంపు దగ్గర ఆగి, ఒక్కసారి వెనక్కి తిరిగి అత్తను చూసి మరుగైపోయాడు. రీలు అయిపోయాక కూడా ఆమె తిప్పుతూనే ఉంది. వాడే పరుగెత్తుకుంటూ వచ్చి ఆ చెయ్యి పట్టుకున్నాడు.

“తయారైనాక మార్కాపురానికి తీసుకరా. నా చెయ్యి నేను చూసుకోవల్ల,” అంది.

తిరుగుబండిలో కేశవులు ఫిల్ము డబ్బాను గొంగడిలో చుట్టి ఒళ్ళో పెట్టుకున్నాడు. గుంటూరు దాకా ఈలపాటే. వాడు గట్టెక్కుతాడని నాకు అప్పుడే తెలిసింది. పడమటి గాలి పొడిది గానీ మనుషులు తడిగలవాళ్ళు, వెళ్ళి రండి.

ఇక, ఇందులో నేను కల్పించింది ఒకటుంది. మీరు అనుమానించినవాటిలో ఏదీ కాదు. వంపు దగ్గర కేశవులు వెనక్కి చూడలేదు. “మీ నాయన జూడలే, నువ్వూ జూడొద్దు,” అని గురవమ్మే ముందుగా చెప్పింది. వాడు అలాగే వెళ్ళాడు. పిడి తిప్పుతున్న ఆమె పక్కన నిలబడి చూసినవాణ్ణి. ఆ ఒక్క చూపు ఆమెకు నేనిచ్చుకున్నది.