జ్వరమని చెప్పిన సినిమా

రెండో ప్రపంచ యుద్ధం అయిపోయాక జపాన్‌వాళ్లు తీసిన ఆ నలుపు తెలుపు సినిమా గురించి కోడుమూరులో నాకు తప్ప ఎవరికీ తెలియదు. అసలు జపాన్‌లోనే ఎంతమందికి తెలుసో! బడిలో ఇంగ్లీషు పాఠం చెప్పి ఇంటికొచ్చాక ఇలాంటివి ఫోన్‌లో వెతుక్కుని చూడడం నాకో పిచ్చి. నా భార్యకు ఇంగ్లీషు రాదు. అందుకని తను విత్తనానికి వేరుశనగ కాయలు ఒలుస్తుంటే, పక్కన కూర్చుని తెర అడుగున అక్షరాలుగా పడే ఇంగ్లీషును తెలుగులో చెప్పేవాణ్ణి.

"వాళ్లూ మన మాదిరే నేల మింద కూసోని తింటాండారే!" అని ఆ సినిమా మొదట్లో తను సంబరపడింది.

కాసేపటికే సినిమా నా పీకల మీదికొచ్చింది. అందులో భార్యకు పెద్ద జబ్బు. డాక్టరు భర్తకు చెబుతాడు, భర్త ఆమెకు చెప్పడు. కర్నూలు ఆసుపత్రిలో నా భార్య రిపోర్టు నా చేతికిచ్చిన రోజు నేను చేసిందీ అదే. రక్తం తక్కువుందంతే అని చెప్పి ఇంటికి తీసుకొచ్చాను. ఇప్పుడేం చేసేది? డాక్టరు మాట మింగేసి, "జ్వరమంట," అన్నాను. అక్కడి నుంచి ప్రతి మాటా మార్చుకుంటూ పోయాను.

చివర్లో ఆమె ఫోటో, దాని ముందు గిన్నెడు అన్నం, అగరబత్తుల పొగ.

"అదేంది?"

"వాళ్ల పండగ."

తను ఒలవడం ఆపింది. "పెద్దలకు పెట్టేది నాకు తెలీదా? పండగైతే ఆయమ్మ యాడ?" నేను సినిమా ఆపేశాను. "ఏమయ్యా, నాకూ ఇట్లే చెప్తాండావు గదా. మళ్లా మొదట్నుంచి పెట్టు. ఈతూరి నిజం చెప్పు."

"ఛార్జింగ్ అయిపోయింది," అన్నాను. అదీ అబద్ధమే. తను చేటలో పుచ్చు గింజలు ఏరుతూ కూర్చుంది. పిరికి వెధవను! ఆ తర్వాత నెల రోజులు తను నా ఎదురుగానే ఉంది, ఒక్క రోజూ నిజం చెప్పడానికి నాకు నోరు రాలేదు. విత్తనం వేయకముందే తను పోయింది.

మొన్న పెద్దల అమావాస్యకు తన ఫోటో ముందు బొరుగులతో చేసిన ఉగ్గాని, బజ్జీ పెట్టాను. అవంటే తనకు ప్రాణం. "పెద్దలకు ఉగ్గాని యాడన్నా పెడతారా బావా?" అని మరదలు గొణిగింది. అందరూ తిని వెళ్లాక ఫోటోకు ఎదురుగా ఫోన్ నిలబెట్టి, సినిమా మొదట్నుంచి పెట్టాను. డాక్టరు వచ్చాడు.

"జ్వరం కాదు," అన్నాను పైకే. "ఆయమ్మ బతకదంట. మొగునికి తెలుసు. చెప్పే ధైర్యం లేదు."