హావభావాలకు సున్నా

అరవై తొమ్మిది తెలంగాణ ఉద్యమంల కాలేజీలు బందువెట్టినప్పుడు, జనగామల దీక్షకు కూసున్నోళ్ళకు పొద్దు పోవాలని నవ్విచ్చుడు మొదలువెట్టిన. మొఖం రాయిలెక్క వెట్టి మాట్లాడుడే నా పని. నేను నవ్వకుంట మాట్లాడుతుంటె వాళ్ళు పొట్టలు పట్టుకొని నవ్వేది.

తర్వాత చిట్యాలల బడిపంతులునైన గని ఆ పిచ్చి పోలే. యేటేట మానుకోట నాటికల పోటీకి మా కాంపౌండర్ ఆట వట్టుకొని వోయేది. ఆటల నేను సర్కారు దవాఖాన కాంపౌండర్‌ను. వచ్చే రోగులందరి యేషాలు మా దోస్తొక్కడే ఏసేది. జనగామల బట్టల దుకాణం ఆయనది, నాకంటె పెద్దోడు, అన్న అని పిలుస్తుంటి. జరమొచ్చిందని సీస వట్టుకొని వస్తడు, ఎర్రమందు పోస్త. కాలిరిగిందని వస్తడు, గదే ఎర్రమందు. బర్రె తప్పిపోయిందని ఏడ్సుకుంట వస్తడు. "సీస తెచ్చినవా?" అని అడుగుత. గంతే. జనం ఈలలేసేది.

బహుమతి మాత్రం రాకపాయె. మొదటొచ్చినోళ్ళను హైదరాబాదుకు పంపేది. అక్కడ ఒక్కసారన్న ఆడాలని నా పాణం కొట్టుకునేది. ముందల కుర్సీలల్ల కూసున్న జడ్జీలేమో నాలుగేండ్లు వరుసగ హావభావాలకు సున్నా ఏసిన్రు. "మీ మొఖంలో ఏమీ కనపడటం లేదండీ" అన్నడొకాయన. కనవడకుంట చేసుడు ఎంత తిప్పలో నీకేమెరుక నాయినా? గంతమంది నవ్వుతుంటె చెవుల దూది వెట్టుకున్నరా?

ఐదో యేడు నాకు ఇసుగొచ్చింది. "ఈసారి మొఖంల హావభావాలు జూపిస్త" అని చెప్పిన.

"ఒద్దుర, ఆట ఖరాబైతది. గట్ల జేస్తె నేను మళ్ళ నీ ఎంబడి రాను" అన్నడు అన్న.

ఇనలే. కండ్లు తిప్పిన, మూతి వంకరవెట్టిన, బర్రె మాటకు ఎగిరి దుంకిన. ఎనుక జనంల చప్పుడే లేదు. జడ్జీలు మాత్రం తలకాయలూపుకుంట రాసుకున్నరు. మొదటి బహుమతి మాకే ఇచ్చిన్రు.

కప్పు వట్టుకొని దిగుతుంటె, మా ఆట కోసం ప్రతియేడు డోర్నకల్ నుంచి బండెక్కి వచ్చే రైల్వే గ్యాంగ్‌మన్ ఎదురొచ్చిండు. "పాణం మంచిగ లేదా సారు? ఇయ్యాల గట్లెందుకు జేసిన్రు?" అనడిగిండు, నిజంగనే పరేషానై. నాకు మండింది. పాపం, ఏ తప్పు జేయనాయన మీద కసిరిన.

నెల దాటినంక హైదరాబాదుకు ఆటకు రమ్మని కాయితం వచ్చింది. అది వట్టుకొని జనగామల దుకాణానికి వోయిన. అన్న చదివి, మడతవెట్టి నా చేతుల వెట్టి, గిరాకి దిక్కు తిరిగి బట్ట కొలుసుకుంట కూసున్నడు. రోగి లేకుంట కాంపౌండర్ ఒక్కడే వోయి ఏం జేస్తడు? నేను గూడ పోలే.