పక్కన ఎవరున్నారు?

పోయిన శనివారం మెల్బోర్న్ శివారు పాయింట్ కుక్‌లో మా వీధి చివరి ఇంటి గ్యారేజీ తలుపు సగం ఎత్తి ఉంది. లోపల ఎవరో ఎండురొయ్యలు వేయిస్తున్నారు. ఇంట్లో వేయిస్తే ఆ వాసన కార్పెట్‌కూ కర్టెన్లకూ పట్టి ఓ పట్టాన వదలదు కనుక మనవాళ్ళు ఇక్కడ గ్యారేజీలో చిన్న గ్యాస్ పొయ్యి పెట్టుకుంటారు. నేను పుట్టు శాకాహారిని. హనుమకొండలో మా ఇంట్లో ఏకాదశి వస్తే ఉల్లిపాయకు కూడా సెలవే. న్యాయంగా అయితే ముక్కు మూసుకుని గబగబా దాటిపోవాలి. కానీ ఫుట్‌పాత్ మీద నిలబడిపోయి, కళ్ళు మూసుకుని, గుండెల నిండా ఆ వాసన పీల్చుకున్నాను. మా అమ్మాయి చెయ్యి పట్టి లాగింది. “మమ్, ప్లీజ్! దే కెన్ సీ యూ!” అంది. “కొంచెం ఆగవే, మా ప్రొఫెసర్ గుర్తొస్తున్నారు” అన్నాను. “యువర్ ప్రొఫెసర్ స్మెల్డ్ లైక్ దట్?” అని అది కళ్ళు పెద్దవి చేసింది. ఆ మాట వింటే మా ప్రొఫెసర్ సలోమి ఆంటీ వీధి అదిరేలా నవ్వి ఉండేవారు.

డాక్టర్ సలోమి బ్రిస్బేన్‌లో ఒక విశ్వవిద్యాలయంలో అమెరికన్ సాహిత్యం చెప్పేవారు. సొంత ఊరు బాపట్ల. ఎనభైల చివర నేను స్కాలర్‌షిప్ మీద వెళ్ళి ఆమె దగ్గర పరిశోధనలో చేరాను. అమెరికన్లు తమ జీవితాలను తాము ఎలా రాసుకున్నారు, ఒకరి జీవితాన్ని మరొకరు ఎలా రాశారు అన్నది నేను ఎంచుకున్న విషయం. తెలుగువాళ్ళ విందుల్లో ఆ మాట చెప్పగానే నవ్వేవారు. “అమెరికావాళ్ళ పుస్తకాలు చదవడానికి ఆస్ట్రేలియా వచ్చావా? తిరుపతి పోవాల్సినదానివి అన్నవరం బస్సెక్కినట్టుందే!” అని ఒక డాక్టరుగారు ఏడిపించారు. పక్కనున్న ఆంటీ అరిటికాయ బజ్జీ నములుతూనే, “పెళ్ళివాళ్ళ గొప్పలు పెళ్ళింట్లో కూర్చుంటే తెలియవండీ. పక్కింట్లో కూర్చుంటే బాగా తెలుస్తాయి” అన్నారు. ఆ డాక్టరుగారే ఇంకో రెండు బజ్జీలు తెచ్చి ఆమె పళ్ళెంలో వేశారు.

ఆమె పొట్టి మనిషి. నేత చీర కట్టి కింద తెల్లటి స్పోర్ట్స్ బూట్లు వేసుకునేవారు. కారిడార్ ఆ చివర నవ్వితే ఈ చివర గదిలో నాకు వినపడేది. మెచ్చుకోవడంలో మాత్రం పరమ పిసినారి. యూనివర్సిటీ గదిలో నాతో ఇంగ్లీషు, ఇంటికెళితే తెలుగు. బ్రిస్బేన్‌లోనే సన్నీబ్యాంక్ అనే పేటలో వాళ్ళిల్లు. శనివారాలు నా చదువంతా ఆ ఇంటి గ్యారేజీలో, మడత కుర్చీల్లో సాగేది.

నా మెడ మీద కత్తి ఒకటి వేలాడుతూ ఉండేది. మొదటి ఏడాది చివర డిపార్ట్‌మెంటులో అందరి ముందూ సెమినార్ ఇవ్వాలి. అది నచ్చితే డాక్టరేట్‌కు తీసుకుంటారు. నచ్చకపోతే ఎమ్మే పట్టా చేతిలో పెట్టి విమానం ఎక్కిస్తారు. నేనేమో డాక్టరేట్‌కే వెళుతున్నానని ఊరందరికీ చెప్పి వచ్చాను. మా నాన్న ఇంకో అడుగు ముందుకేసి అప్పటికే ‘డాక్టరమ్మ’ అని పిలవడం మొదలుపెట్టాడు. అది నిజమనుకుని మా వీధిలో ఒకావిడ మోకాళ్ళ నొప్పులకు మందు కూడా అడిగింది. ఓడిపోయి ఆ వీధిలోకి తిరిగి వెళ్ళడాన్ని తలచుకుంటే నాకు నిద్ర పట్టేది కాదు.

సెమినార్ కోసం నేను రాసిన మొదటి ప్రతిని చూసి నేనే మురిసిపోయాను. అమెరికన్ జీవితకథల్లో ‘నేను’ ఎప్పుడూ ఒంటరి అన్నది నా వాదం. తొలినాళ్ళలో చర్చి సంఘం ముందు నిలబడి తన ఆత్మ సంగతి చెప్పుకున్న భక్తుడు, ఏమీ లేని ఇంట పుట్టి గొప్పవాడైన కుర్రాడు, బానిసత్వం నుంచి పారిపోయి వచ్చి తన కథ రాసుకున్న మనిషి, అందరూ ఒంటరివాళ్ళే అని పెద్ద పెద్ద మాటలతో నిరూపించాను. ఒక శనివారం గ్యారేజీలో ఆంటీ ఆ కట్టను తిరిగి ఇచ్చినప్పుడు మార్జిన్ల నిండా ఎర్రసిరాతో ఒకటే ప్రశ్న ఉంది. ‘పక్కన ఎవరున్నారు?’ పేజీ తిప్పితే మళ్ళీ అదే. నా మొహం వాడిపోవడం చూసి, “అన్నీ విస్తరాకులే వేశావు అమ్మాయ్. అన్నమేదీ?” అన్నారు. “అట్ల కాదు ఆంటీ, వాళ్ళ పుస్తకాలల్ల వాళ్ళొక్కరే ఉన్నరు” అన్నాను. “ఇంగ్లీషులో నువ్వు నాకు తెలిసిన మాటలే నాకు అప్పజెప్తున్నావు. ఆ పుస్తకాల్లో ఒకటి తీసి తెలుగులో చెప్పు. నీకెంత అర్థమైందో చూద్దాం.”

నేను తీసిన పేజీలో, పారిపోయి వచ్చిన ఒక బానిస దారిలో జబ్బుపడిన ఘట్టం ఉంది. ఇంగ్లీషులో ఉన్నది ఉన్నట్టు దించాను. “నాకు ఆహారం ఇవ్వబడింది. పొడిబట్టలు అందజేయబడినవి. జ్వరములో నాకు సేవ చేయబడింది.” గ్యారేజీ మూల పొయ్యి దగ్గర గరిటె ఆగింది. ఎండురొయ్యలు వేయిస్తున్న శామ్యూల్ అంకుల్, అంటే ఆంటీ భర్త, బాపట్లలో ఒకప్పుడు హెడ్మాస్టరుగా పనిచేసినాయన, వెనక్కి తిరిగారు. “సేవ చేయబడటం ఏందమ్మా, గవర్నమెంటు జీవోలాగా? ఎవరో ఒకరు చేసుంటారుగా!” ఆంటీ కళ్ళనీళ్ళు వచ్చేదాకా నవ్వారు. తర్వాత నవ్వు ఆపి, “అదే నేనడిగేది. ఎవరు చేశారే?” అన్నారు.

మళ్ళీ పేజీ చూశాను. పేరు లేదు. “పేరు రాస్తే దాచిపెట్టినోళ్ళు దొరికిపోతరని రాయలేదేమో” అన్నాను. “ఆఁ, ఇప్పుడు కాస్త అన్నం కనపడుతోంది. మరి ఆ గొప్పవాడైన కుర్రాడు తన పెళ్ళాన్ని ఎందుకు దాచాడు?” “దాచలేదు ఆంటీ. మర్చిపోయిండు.” “రాసుకో. ఒకడు కాపాడ్డానికి దాచాడు, ఒకడు మర్చిపోయి దాచాడు. ఆ తేడా చెప్పావంటే నీ సెమినార్ అయినట్టే.” వేరే పొయ్యి మీద నాకోసం వేయించిన అప్పడాలు తింటూ నేను ఆ రోజు రాసిన పేజీలే తర్వాత నా సిద్ధాంత గ్రంథానికి పునాది అయ్యాయి.

నెలకో ఆదివారం వాళ్ళింట్లో తెలుగు ప్రార్థన కూటం జరిగేది. నేను క్రైస్తవురాలిని కాకపోయినా పులిహోర కోసం తప్పకుండా వెళ్ళేదాన్ని. పాటలయ్యాక ఎవరో ఒకరు లేచి సాక్ష్యం చెప్పేవారు. తాను ఎలా ఉండేవాడో, దేవుడు ఎలా మార్చాడో అందరి ముందూ చెప్పుకోవడమే సాక్ష్యం. మొదటిసారి విన్నప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది. అమెరికాలో వందల ఏళ్ళ కిందట సంఘంలో చేరాలంటే ఇలాగే నిలబడి చెప్పుకోవాలని చదివాను. చదివినది నా ముందు తెలుగులో నిలబడి మాట్లాడుతోంది!

అన్నిటికన్నా రసవత్తరమైన సాక్ష్యం శామ్యూల్ అంకుల్‌ది. “బ్రదర్స్, సిస్టర్స్, ఈ దేశం వచ్చిన కొత్తలో నేను పచ్చి తాగుబోతుని. బ్రిస్బేన్‌లో నేను పడని కాలవ లేదు!” వంటింట్లోంచి ఆంటీ గొంతు వచ్చేది. “ఒక్కసారే తాగారు. అదీ బీరు. అదీ సగం.” అందరూ నవ్వేవారు, ‘ప్రైజ్ ద లార్డ్’ అనేవారు. మరుసటి నెల కాలవలు ఇంకా లోతయ్యేవి. వంటింట్లోంచి వచ్చే సవరణ మాత్రం సగం బీరు దగ్గరే ఆగేది.

నాకు నిధి దొరికిందనిపించింది. ‘సాక్ష్యం ఒక అచ్చు. అచ్చులో పోసిన జీవితం అబద్ధం’ అని ఉత్సాహంగా రాసి ఆంటీకి ఇచ్చాను. ఆమె నా మీద కోప్పడింది ఆ ఒక్కసారే. “అబద్ధం అనడానికి పీహెచ్‌డీ ఎందుకే? మా బాపట్లలో అరుగు మీద కూర్చున్నవాళ్ళు ఎవరైనా అంటారు.” కాగితాలు సర్ది ఒళ్ళో పెట్టుకున్నారు. తర్వాత గొంతు తగ్గించి చెప్పారు. “నాకిక్కడ ఉద్యోగం వస్తే ఆయన హెడ్మాస్టరు పని మానేసి నాతో వచ్చారు. ఇక్కడ ఏ స్కూలూ తీసుకోలేదు. పొద్దున నేను యూనివర్సిటీకి పోయేటప్పుడు గోడవైపు తిరిగి పడుకుని ఉండేవారు. సాయంత్రం వచ్చేసరికీ అట్లాగే ఉండేవారు. ఒకరోజు తలుపు తీస్తే ఇల్లంతా మాడు వాసన. ఆయన అన్నం వండారు. మర్నాడు కొంచెం తక్కువ మాడింది. అట్లా లేచారు మనిషి.” ఆంటీ ఆ కాగితాలు నా చేతిలో పెట్టారు. “తాగి చెడి బాగుపడ్డానంటే చర్చిలో అందరికీ తెలిసిన కథ. పెళ్ళాం వెంట వచ్చి, వంట నేర్చుకుని బాగుపడ్డాననే సాక్ష్యం ఎవరన్నా విన్నారా? దానికి అచ్చు లేదే. అందుకని పాపం ఆ సగం బీరు సీసాలో దాచుకున్నారు.”

ఆ రోజు నుంచి నేను జీవితకథల్లో పెద్ద పాపాలను చూసి నవ్వడం మానేశాను. అయినా బుద్ధి ఎక్కడికి పోతుంది? ఈ వ్యాసం మొదట్లో ఎండురొయ్యల వాసనకు మా ప్రొఫెసర్ గుర్తొచ్చారని రాశాను. ఆంటీకి టీ పెట్టడం కూడా సరిగ్గా రాదు. వేయించినది ప్రతిసారీ అంకులే.

సెమినార్ రోజు మమ్మల్ని కారులో తీసుకెళ్ళిందీ అంకులే. ఎప్పుడో పెళ్ళినాటి సూటు తొడుక్కుని, బొత్తాలు పట్టకపోయినా, వెనక వరసలో కూర్చున్నారు. నేను చదవడం పూర్తిచేశాక తెల్లగడ్డం పెద్ద ప్రొఫెసర్ ఒకాయన తల ఎత్తారు. “పేజీలో లేని మనుషుల గురించి మాట్లాడుతున్నావు. లేనివాళ్ళను చూడటం ఊహ. దాన్ని పరిశోధన అని ఎలా అనమంటావు?” అని అడిగారు. నాన్న, వీధి, మోకాళ్ళ నొప్పుల ఆవిడ అందరూ కళ్ళముందు తిరిగారు. ఆంటీ వైపు చూశాను. ఆమె కళ్ళజోడు ముక్కుమీదే ఉంచుకుని హ్యాండ్‌బ్యాగ్‌లో కళ్ళజోడు వెతుకుతున్నారు. కాపాడరని అర్థమైంది.

అప్పుడు చెప్పాను. “మీ భాషలో ‘నాకు అన్నం పెట్టబడింది’ అని రాసి పెట్టిన మనిషిని మాయం చేయవచ్చు. మా ఇళ్ళల్లో అలా అనరు. అంటే నవ్వుతారు. నా భాషలోకి తెచ్చుకోగానే అది ‘అన్నం పెట్టారు’ అవుతుంది. పెట్టినవాళ్ళు ఆ క్రియలో ఉన్నారు. నేను ఊహించడం లేదు. వాళ్ళను బయటికి తెచ్చి, ఎందుకు దాచారని అడుగుతున్నాను.” ఆయన ఆ తెలుగు మాట రెండుసార్లు చెప్పించుకున్నారు. “ఇందులో మనుషులు ఎక్కడ?” అన్నారు. “చివరి ‘రు’లో” అన్నాను. ఆయన కాగితం మీద ఏదో గీసుకుని, “ఇంకో ఉదాహరణ చెప్పు” అని కుర్చీ ముందుకు జరుపుకున్నారు. ఇంకో ఉదాహరణ, ఇంకోటి, అలా టీ వేళ దాటిపోయింది. నన్ను డాక్టరేట్‌కు తీసుకున్నారు.

“బానే చెప్పావు. చివర్లో కొంచెం తొందరపడ్డావు” అన్నారు ఆంటీ. ఆమె దగ్గర అది బంగారు పతకం. అంకుల్ మాత్రం కార్ పార్కులో నా రెండు చేతులూ పట్టుకుని ఊపేశారు. “ఆ ‘రు’ని బాపట్లలో అన్నేళ్ళు పిల్లలకి వల్లె వేయించానమ్మా, ఇంత దూరం వచ్చి ఇట్లా గెలుస్తుందనుకోలేదు!”

తర్వాతి కూటంలో అంకుల్ సాక్ష్యానికి లేచారు. “బ్రదర్స్, సిస్టర్స్, ఈ దేశం వచ్చిన కొత్తలో నేను...” అని ఆగి, వంటింటి వైపు చూశారు. “తాగలేదు. ఊరికే పడుకుని ఉండేవాణ్ణి. మా ఆవిడ ఉద్యోగం చేసి పోషించింది. నేను వంట నేర్చుకున్నాను.” ఆమెన్ ఎక్కడ అనాలో ఎవరికీ తెలియలేదు. వంటింట్లోంచి సవరణ రాలేదు. చివరికి ఒక ముసలావిడ, “నువ్వు చేసే ఆ పులిహోర మటుకు దేవుడి కృపే నాయనా” అంది. గది గదంతా నవ్వింది, అందరికన్నా గట్టిగా అంకుల్ నవ్వారు. మంచినీళ్ళకని లోపలికి వెళితే ఆంటీ సింక్ దగ్గర పైటచెంగుతో కళ్ళజోడు తుడుచుకుంటున్నారు. చాలాసేపు తుడిచారు.

సిద్ధాంత గ్రంథం పూర్తయ్యాక ముందు పేజీలో వాళ్ళిద్దరికీ కృతజ్ఞతలు రాసి, ఎంతో బాగా వచ్చిందనుకుని తీసుకెళ్ళాను. ఆంటీ చదివి, పేజీ మొత్తం ఎర్రసిరాతో అడ్డంగా కొట్టేశారు. “అందరూ ఇదే చేస్తారు. పక్కన నిలబడ్డవాళ్ళకి ముందు పేజీలో ఒక దండం పెట్టి, తలుపేసుకుని లోపలికి పోతారు. మమ్మల్ని గుమ్మంలో నిలబెట్టకే. ఎప్పటికైనా రాయడం చేతనైతే లోపలికి పిలువు.” అందుకే నా గ్రంథంలో కృతజ్ఞతల పేజీ లేదు. బైండింగ్ చేసినతను పేజీ ఎక్కడో జారిపోయిందనుకుని కంగారుపడ్డాడు.

ఇప్పుడు వాళ్ళిద్దరూ లేరు. ముందు ఆంటీ వెళ్ళిపోయారు, ఏడాది తిరక్కుండా అంకుల్. నేను మెల్బోర్న్ వచ్చి, పాఠాలు చెప్పి, అమెరికన్ల జీవితాల మీద చాలానే రాశాను. ఈ రోజుకీ ‘చేయబడింది’ అని రాయబోతే నా కలం ఆగిపోతుంది, చేసిన మనిషి కోసం వెతుకుతుంది. వీళ్ళిద్దరి గురించి రాయడానికి మాత్రం ఎన్నిసార్లు కూర్చున్నా చేతకాలేదు. ఆలస్యమైంది, తప్పుగా అనుకోకండి. ఆంటీ, అంకుల్, రండి, లోపలికి రండి.