అశ్వపాలకుడు సలీం

మిర్యాలగూడ నుంచి వచ్చిన ఒక జట్కావాలా సలీం మరణవార్త చెప్పినప్పుడు, మందు నూరుతున్న నా చేయి ఆగిపోయింది. ఇరవై ఆరేండ్లవాడు, బలిష్ఠుడు. ఆ మరణంలో నా భాగమెంతో నా అంతరాత్మకు ఆ క్షణానే తెలిసింది.

సలీం హబ్షీ జాతివాడు. అతని ముత్తాత ఆఫ్రికా ఖండం నుంచి వచ్చి హైదరాబాదులో గుర్రపు దండులో చేరాడట. సలీం కూడా అందులోనే పనిచేశాడు. పోలీసు చర్య తరువాత దండు రద్దు కాగా, బతుకుతెరువు వెతుక్కుంటూ మా సూర్యాపేట జట్కాల అడ్డాకు వచ్చి గుర్రాలను సాకాడు. అతని దేహచ్ఛాయను చూసి ఊరు నవ్వింది. నవ్వినవారిలో నేనూ ఉన్నాను.

ఒకసారి ఆత్మకూరు బాటలో బురదలో కూలబడిన గుర్రాన్ని బండివాడు బాదుతుంటే, సలీం కొరడా లాక్కున్నాడు. దాని మెడ నిమురుతూ పూటంతా పక్కనే కూర్చున్నాడు.

"భయపడ్డదాన్ని కొడితే లేస్తదా? జర సేపు పక్కన కూసోవాలె" అన్నాడు. గుర్రం లేచింది.

కొన్నాళ్లకు నా వైద్యశాలకు వచ్చాడు.

"హకీం సాబ్, నిద్ర వస్తలేదు. కండ్లు మూస్తే సచ్చిపోయిన దండు దోస్తులు పేరు పెట్టి పిలుస్తున్నరు. శాన పరేషాన్‌గ ఉంటున్నది."

ఎవరు వాళ్లు, ఏమంటున్నారు అని నేను అడగలేదు. బయట రోగులు వేచి ఉన్నారు. నల్లమందు గోలీలు పొట్లం కట్టి, "గివి మింగు, మంచిగ పంటవ్" అన్నాను.

పడుకున్నాడు. క్రమంగా గోలీలు లేనిదే బతకలేని దశకు చేరాడు. చేతులు వణికేవి. ఒంటరిగా ఎవరితోనో మాట్లాడేవాడు. నా వైద్యానికి అపకీర్తి వస్తుందని జంకి, ఒకనాడు అందరి ముందు, "మీ జాతికి మత్తు మరిగితే ఇడువదు. ఇగ నా గడప తొక్కకు" అన్నాను.

"గోలీలు మీరిచ్చినయే కద సాబ్" అన్నాడు మెల్లగా.

తలుపు వేశాను. అతడు కోదాడ వెళ్లాడు, అక్కడి నుంచి మిర్యాలగూడ. చాయ్ హోటల్ నడిపే మల్లమ్మ అనే వితంతువు తన వసారాలో చోటిచ్చింది. ఎక్కడో సంపాదించిన నల్లమందు మోతాదు మించి, ఆ వసారాలోనే ప్రాణం విడిచాడు.

వార్త విన్న మరునాడు ఆమె దగ్గరికి వెళ్లి, నేనెవరినో చెప్పాను.

"సూర్యాపేట హకీం మీరేనా? రోజూ మీ ముచ్చటే సెప్పేటోడు. నా బాధ విన్నది ఆయనొక్కడే అమ్మా అనేటోడు. కూసోండి, అంత దూరంకెళ్లి వచ్చిన్రు."

ఆమె పోసిన చాయ్ తాగి వచ్చాను.

మూగజీవాల వ్యథను అంత సూక్ష్మంగా గ్రహించిన దయార్ద్రహృదయుణ్ణి మా ప్రాంతం మళ్లీ చూడదు. సలీం, ఆ తల్లితో అనలేని మాటను నలుగురూ చదివేలా ఇక్కడ రాస్తున్నాను. నేను వినలేదు.