రస్మినికి గోరంత చోటు

మా బతువాన్ ఊరి చిత్రకారులకు బొమ్మలో ఖాళీ జాగా కనిపిస్తే ఒళ్లు మంట. ఆకాశాన్ని ఆకాశంలా వదిలెయ్యొచ్చు కదా? వదలరు. అందులో కొంగలు, కొంగల మధ్య గాలిపటాలు, గాలిపటాల తోకల సందుల్లో మళ్లీ ఆకులు. ఈ పిచ్చిలో న్యోమన్ సుకర్దిని మించినవాడు ఊళ్లో లేడు. చాపంత బట్ట ముందు ఎనిమిది నెలలు బాసింపట్టు వేసుకుని కూర్చుని, మూడు వందల మంది మనుషుల్నీ, వాళ్ల కోళ్లనీ, గుళ్లనీ, గొడవల్నీ అందులో కుక్కేవాడు. చీమ దూరే సందు మిగిలిందంటే అక్కడ చీమనే వేసేవాడు.

ఆ మనుషులందరూ మా వాడవాళ్లే. పక్కింటి గెదే తంబీర్ ఒకసారి సుకర్ది గొడుగు తీసుకెళ్లి నెల దాటినా ఇవ్వలేదు. ఆ ఏటి బొమ్మలో, గుడి పండగ ఊరేగింపు పక్కనే, పొద వెనక లుంగీ ఎత్తుకుని కూర్చున్న తంబీర్ ప్రత్యక్షమయ్యాడు. గొడుగు ఆ సాయంత్రమే ఇల్లు చేరింది. అప్పట్నించి బొమ్మ గీతల్లో ఉండగానే వాడంతా వచ్చి ఎవరికి వారు వెతుక్కుని, తాము బట్టలతోనే ఉన్నామని చూసుకుని వెళ్లేవారు.

గీత సుకర్దిది. నీడ మాత్రం అతని భార్య రస్మినిది. నల్లసిరా పలచగా కలుపుకుని, ఒకే చేతిలో రెండు కుంచెలు పట్టుకుని, ఒకదాంతో సిరా పెడుతూ రెండోదాంతో నీళ్లు లాగుతూ, ఆరినాక మళ్లీ, మళ్లీ ఆరినాక మళ్లీ, ఆరేడు పూతలు పెట్టేది. ఆ నలుపు పడ్డాకే చెట్టు చెట్టవుతుంది, మనిషి మనిషవుతాడు. అది లేకపోతే సుకర్ది బొమ్మ ఒట్టి చేపముల్లు. ఈ మాట అతని ముందు అనకండి, కొడతాడు.

ఆ ఏడు చిత్రకారుల సంఘంవాళ్లు పెద్దల ప్రదర్శన పెట్టారు. గుమ్మంలోంచి అడుగు పెట్టగానే కనిపించే ఎదురు గోడ సుకర్దికి ఇచ్చారు. ఆ గోడకోసం అతను ఇరవై ఏళ్లు కాచుకున్నాడు. ఇరవై ఏళ్లూ స్తంభం చాటునా, నీళ్ల కుండ పక్కనా తగిలించి వచ్చినవాడు. వచ్చే బుధవారం బొమ్మకోసం వ్యాను వస్తుందనగా గీతలు ఇంచుమించు పూర్తయ్యాయి. నీడ సగం పడింది.

సరిగ్గా అప్పుడే, గుడిలో ఆడవాళ్లంతా తాటాకులు కోసి నైవేద్యపు బుట్టలు అల్లుతుంటే, పందిమాంసం అన్నం అమ్ముకునే వర్తి నోరు జారింది.

"మీ ఆయన ప్రతి బొమ్మలోనూ నన్ను వేస్తాడు, కుండతో సహా. అది సరే, నువ్వెక్కడుంటావే రస్మినీ? నేనెప్పుడూ చూడలేదే!"

రస్మిని నవ్వేసింది. ఇంటికొచ్చి కళ్లజోడు పెట్టుకుని బట్ట మీదికి వంగింది. వర్తి ఉంది. తంబీర్ ఉన్నాడు. తంబీర్ కుంటికుక్క ఉంది. మొగుడు రెండు చోట్ల ఉన్నాడు. ఒకచోట వాగులో చేపలు పడుతున్నాడు, ఇంకోచోట చెట్టుకింద తీరిగ్గా బొమ్మ వేసుకుంటున్నాడు.

"బ్లీ," అని మొగుణ్ణి పిలిచింది, "ఇందులో నేనెక్కడ?"

సుకర్ది తల ఎత్తలేదు. "నువ్వెందుకు అందులో?"

"ఎందుకా? తంబీర్ కుక్క ఎందుకు మరి?"

"అది కుంటుతుందే. కుంటే కుక్క ఉంటే బొమ్మకి కళ."

"ఐతే నన్నూ కుంటమంటావా?"

"చోటు లేదు రస్మినీ. నువ్వే చూడు. గోరు పట్టదు."

"నువ్వు మాత్రం రెండుసార్లు పట్టావే!"

రస్మిని కుంచెలు కడిగింది, తుడిచింది, గుడ్డలో చుట్టి వంటింటి చూరులో దోపింది. "నన్ను పెట్టిన రోజున నీడ పెడతాను. అందాకా నువ్వూ, నీ మూడు వందల మందీ ఎండలో మాడండి, చిత్రకారుడుగారూ!"

సుకర్ది మొదట నవ్వాడు. ఆడదాని అలక పూటతో పోతుందనుకున్నాడు. పోలేదు. మర్నాడు తానే ఒక చిత్తుకాగితం మీద కొబ్బరిచెట్టు గీసి నీడ పెట్టబోయాడు. సిరా ఒకచోట గడ్డ కట్టి, ఇంకోచోట పాకిపోయి, చెట్టు కాస్తా బొగ్గుల కుప్పయింది. గోడ మీంచి తొంగి చూసిన తంబీర్, "అయ్యయ్యో, ఎవరి కొంప అంటుకుంది సుకర్దీ?" అన్నాడు. ఆ క్షణంలో తంబీర్ మళ్లీ పొద వెనక్కి వెళ్లవలసినవాడే, కానీ సుకర్దికి అంత తీరిక లేదు.

సరే, ఆవిడ పంతమే నెగ్గనీ అనుకుని ఇంకో కాగితం తీసుకుని, నెత్తిన పళ్ల గోపురం పెట్టుకుని గుడికి వెళ్లే ఆడమనిషిని చకచకా గీసి, వంటింటి గుమ్మంలో నిలబడి చూపించాడు. రస్మిని రోట్లో మిరపకాయలు నూరుతూ ఒక్క చూపు చూసింది.

"ఇది నేనా? ఇది తోలుబొమ్మ. ఈ ముక్కు సీతమ్మది. నీ బొమ్మల్లో ఆడవాళ్లందరికీ ఇదే ముక్కు. కుండ తీసేస్తే వర్తి ఎవరో దాని మొగుడు కూడా చెప్పలేడు."

నిజమే. మగవాళ్లను చూసి వేసేవాడు గానీ, ఆడవాళ్లను మాత్రం తండ్రి నేర్పిన ఒకే మొహంతో కానిచ్చేసేవాడు. ముప్పై ఏళ్లలో ఎవరూ అడగలేదు, అతనికీ తోచలేదు.

అక్కడినించి మొదలైంది అసలు తంటా. రస్మిని ఎక్కడుంటే అక్కడ సుకర్ది. ఆవిడ కోళ్లకు గింజలు చల్లుతుంటే ఎదురుగా గొంతుక్కూర్చుని చూస్తాడు. పూలూ అగరొత్తులూ గుమ్మం ముందు పెడుతుంటే పక్కనించి మెడ చాచి చూస్తాడు.

"ఏమిటయ్యా ఆ చూపు? పుంజును బేరమాడేవాడిలా! కాళ్లు కూడా పట్టుకుని చూస్తావా ఏం?"

"కదలకు, కాసేపు కదలకు."

"అన్నం మాడితే నువ్వే తిందువుగానిలే."

సాయంత్రానికి ఓ మొహం తయారైంది. ఈసారి తిరుగులేదనుకున్నాడు. రస్మిని కాగితాన్ని దూరంగా పట్టుకుంది, దగ్గరగా పట్టుకుంది.

"బుగ్గ మీద ఇదేమిటి?"

"నీ పుట్టుమచ్చ."

"నాకు పుట్టుమచ్చ లేదు."

సుకర్ది కాగితం వెనక్కి లాక్కోబోయాడు.

"ఇది వర్తిది!" రస్మిని ఒంటికాలి మీద లేచింది. "అన్నం పొట్లం తేవడానికి వెళ్లినప్పుడల్లా గంటసేపు ఏం చేస్తున్నావో ఇప్పుడు తెలిసింది!"

ఆ పూట సుకర్దికి ఆరిపోయిన అన్నం, ఉప్పు దొరికాయి. ఉప్పు కూడా అడిగితేనే.

ఒంటరిగా తింటూ కళ్లు మూసుకుని చూసుకున్నాడు. తంబీర్ కుక్క కుంటేది వెనక ఎడమ కాలు. తెలుస్తోంది. వర్తి కుండకు మూతి దగ్గర చిన్న పగులు. అదీ తెలుస్తోంది. ముప్పై ఒక్క ఏళ్లు ఒకే చూరు కింద బతికిన మనిషి ముక్కు మాత్రం రావడం లేదు. అంతవరకూ గోడ పోతుందేమోనని బెంగపడ్డవాడికి అప్పుడు నిజంగా భయం వేసింది. ఈవిడ రేపు లేకపోతే నేను ఏం గుర్తు పెట్టుకుంటాను అనుకున్నాడు. కంచం పక్కకు నెట్టాడు.

సోమవారం పొద్దున్నే బొమ్మలు వేసుకునే మండపం ఎక్కి తన చోట్లో కూర్చున్నాడు. తూర్పు నించి వెలుగు ఏటవాలుగా పడింది. నీడకు మంచి వెలుగు కావాలి కాబట్టి రస్మిని ఎప్పుడూ ముందు అంచున చాప వేసుకుని కూర్చుంటుంది. గీతకు కొంచెం చాలు కాబట్టి సుకర్ది ఆవిడ వెనక, ఇంకో బట్ట మీద గీతలతో. రోజూ అంతే, పెళ్లైన నాటినించీ అంతే. ఇప్పుడా చాప ఖాళీగా ఉంది. కానీ సుకర్దికి అది ఖాళీగా కనిపించలేదు. జారిపోయే కొప్పు కనిపించింది. కుంచె కడిగిన ప్రతిసారీ కిందికి వంగే ఎడమ భుజం, రవికె అంచు పైన మెడ మీద చెమట, నడుం నొప్పి పుట్టినప్పుడు వేళ్లతో నొక్కుకునే చోటు, అన్నీ కనిపించాయి.

"ఓరి వెధవా," అని తనను తానే తిట్టుకున్నాడు.

చెట్టుకింద బొమ్మ వేసుకుంటున్న సుకర్ది ఒక్కడూ సిరా గీత పడక ఇంకా పెన్సిల్లోనే ఉన్నాడు. రబ్బరుతో వాణ్ణి కాళ్లనించి తలదాకా తుడిచేశాడు. ఆ గోరంత చోట్లో, అటు తిరిగి కూర్చుని వంగి పనిచేసుకుంటున్న మనిషిని గీశాడు. రబ్బరు మళ్లీ ముట్టుకోలేదు. వెంటనే సిరా గీత లాగేశాడు.

తంబీర్ అలవాటు ప్రకారం తన్ను తాను వెతుక్కోవడానికి వచ్చాడు. వెనకే వర్తి. ఇద్దరూ వంగి చూశారు. తంబీర్ వేలు చెట్టుకింద ఆగిపోయింది.

"అరే, రస్మిని వదిన!"

"ఔను, అదే!" వర్తి చప్పట్లు కొట్టింది. "రస్మినీ, ఇలా రా! వేశాడే, నిన్ను వేశాడు!"

రస్మిని మసాలా చేతులతోనే వచ్చింది. చూసింది. కళ్లజోడు తెప్పించుకుని మళ్లీ చూసింది.

"ఏదీ? ఎక్కడ? ఈ అటు తిరిగి కూర్చున్నదెవరు?"

"నువ్వే!" అన్నారు ముగ్గురూ ఒక్కసారే.

"మొహం ఏదీ?"

"మొహం ఎందుకే? ఆ ఊడిపోయే కొప్పు ఈ వాడలో ఇంకెవరికుంది?" అంది వర్తి. "భుజం చూడు, నూతిలోకి తొంగి చూస్తున్నట్టు! వెనకనించి మైలు దూరాన్నించైనా నిన్ను పోల్చుకుంటాం."

రస్మిని తన వీపు ఎప్పుడు చూసుకుంది గనక! చెయ్యి వెనక్కి పోనిచ్చి కొప్పు తడుముకుంది. నిజంగానే జారి ఉంది. భుజం తడుముకుంది. మొగుడి వైపు తిరిగింది.

"ఇంత తెలుసా నీకు?"

"నాకు తెలిసింది ఇదేనే. రోజూ ఇదే కదా చూస్తున్నాను."

"ఇన్నాళ్లూ నా వెనక కూర్చుని నువ్వు పని చేస్తున్నావనుకున్నాను!"

"చేశాను," అన్నాడు సుకర్ది. "మధ్య మధ్యలో."

రస్మినికి నవ్వాలో ఏడవాలో తెలియక రెండూ చేసి, మసాలా చేత్తో కళ్లు తుడుచుకుంది. ఆ మంటకు ఇంకాస్త ఏడ్చింది. సుకర్ది తడిగుడ్డ తెచ్చి మొహం తుడుస్తూ, పనిలో పనిగా ముక్కు దగ్గరనించి చూసుకున్నాడు. తంబీరూ వర్తీ ఒకళ్లనొకళ్లు గిల్లుకుంటూ వెళ్లిపోయారు.

కళ్ల మంట తగ్గాక చూరులోంచి కుంచెలు దిగాయి. సోమవారం మిగిలిన పగలూ, మంగళవారమంతా రస్మిని తల ఎత్తకుండా మిగతా సగానికి నీడ పెట్టింది. తన బొమ్మను మాత్రం ఆఖరికి ఉంచుకుంది. వెలుగు తగ్గుతుండగా దాని దగ్గరికొచ్చి ఊపిరి బిగబట్టి సన్న కుంచె తీసింది. కొప్పుకు నలుపు, మెడ కింద బూడిదరంగు, చక్కగా పడ్డాయి. తరవాత కుంచె నడుం దగ్గరికి వెళ్లి, గీత దాటి లోపలికొచ్చి, ఇటు కాస్త, అటు కాస్త నడుమును చెట్టు నీడలో కలిపేసి సన్నం చేసింది.

గీత మీద సిరా వెంట్రుకవాసి జరిగినా ఇల్లు పీకి పందిరేసే సుకర్ది, వెనకనించి అంతా చూస్తున్నాడు. నల్లసిరా పడిందంటే మళ్లీ పోదు.

"రస్మినీ, నడుం..."

"ఊఁ? నడుం ఏమైంది?"

"ఏం కాలేదు. బాగా కుదిరింది," అన్నాడు.