బండ అంటే ఏమని రాయాలి

మా మనవరాలు కంప్యూటరుకు మాటల అర్థాలు నేర్పే పనిలో ఉంది. ఏది దేనికి చెందుతుంది, ఒకటి ఉంటే దాన్నిబట్టి ఇంకేది ఉన్నట్టు అని రాసిస్తే, అడిగినప్పుడు ఆ యంత్రం తనే తర్కించి జవాబు చెబుతుందట. మొన్న సాయంత్రం ప్రార్థన ముగించి లేస్తుంటే, "తాతా, బండ ఉన్నచోట నీళ్లుండవని రాసేదా?" అని అడిగింది. లేస్తున్నవాణ్ణి మళ్లీ కూర్చున్నాను.

పందొమ్మిది వందల యాభైలలో కమలాపురం దగ్గరి ఒక పల్లెలో మా నాన్న ఉపదేశి. మా పేటలోని చిన్న క్రైస్తవ సంఘానికి వాక్యం చెప్పి ప్రార్థన నడిపేవాడు. పేటకు సొంత బావి లేదు. పెద్దరైతు తోటబావి దగ్గర మా ఆడవాళ్లు దూరంగా నిలబడితే, అక్కడి జీతగాడు దయతలచి కడవల్లో పోసినవే మాకు నీళ్లు. వానలు మొగం చాటేసిన ఆ కాలంలో బావి అడుగంటి, ఇక రావద్దని కబురొచ్చింది. అమ్మ ఒళ్లోని నా చెల్లెలు ఏడవడానికి కూడా ఓపిక లేక మూలిగేది. సొంత బావి తవ్వి నీళ్లు పడకపోతే పేట విడిచిపోవడమే గతి.

నాన్న పెరిగింది వానలు బాగా పడే ఆత్మకూరు అడవి పక్కన. పుట్ట ఉంటే నేలలో చెమ్మ ఉన్నట్టు, చెమ్మ ఉంటే అడుగున నీళ్లున్నట్టు అని అక్కడివాళ్ల నమ్మకం. దాన్నే పట్టుకుని, మా పేట అంచున తోటకాలువ పక్కనున్న చెదపుట్ట దగ్గర మోకరించి ప్రార్థించి గడ్డపార వేశాడు. ఆయన అక్క, మా మేనత్త, మట్టిగంప నెత్తికెత్తుకుంటూనే, "ఏమప్పా, ఆత్మకూరు వానల్ని గూడా ఈడికి మోసకచ్చినావా?" అని ఎత్తిపొడిచింది. "నీళ్లు పడనీలేక్కా, మొదటి కడవ నీ నెత్తినే కుమ్మరిస్తా," అన్నాడు నాన్న.

చెమ్మ తగిలింది. ఆ తరువాత నల్లబండ తగిలింది. వేరేవాళ్లయితే అక్కడే ఆపేసేవాళ్లు, మేము సంతోషించాము. బైబిల్లో దేవుడు ఎడారిలో తన ప్రజలకు నీళ్లిచ్చింది బండలోంచే గనుక ఇదే గురుతన్నాడు నాన్న. దప్పికతో ఎండిన గొంతులతోనే సంఘమంతా గుంత చుట్టూ నిలబడి పాటలు పాడింది. గడ్డపారల మొనలు వంగాయి గాని బండ చీలలేదు. పైనున్న చెమ్మ కూడా ఆరిపోయాక తెలిసింది, ఇన్నాళ్లూ ఆ పుట్టను తడిపింది తోటకాలువలోంచి ఊరిన నీరేనని, తోటబావి ఎండగానే అదీ నిలిచిపోయిందని. మేనత్త ఎత్తిపొడవడం మానేసింది. అప్పుడే నాకు నిజంగా భయమేసింది.

ఒక్కొక్క ఇల్లే ఖాళీ అయింది. చెల్లెల్ని ఆ మట్టికే అప్పగించి మేమూ బయలుదేరాము. పోయేముందు నాన్న గుంతలోకి దిగి, బండను అరచేత్తో తడిమి పైకొచ్చాడు.

చాలా ఏళ్లకు బోరు యంత్రం ఆ బండనే తొలిచింది. దాని కింద నీళ్లున్నాయి. ఇప్పుడక్కడ ఇంటింటికీ కొళాయి. దూరంగా నిలబడే పని ఎవరికీ లేదు. మొన్నొకసారి వెళ్లి దోసిలి పట్టి తాగి, దేవునికి స్తోత్రం చెప్పుకున్నాను. చుట్టూ మా పాటలు తెలిసినవాళ్లు ఒక్కరూ లేరు.

బండ ఉన్నచోట నీళ్లు ఉన్నాయనే రాయమన్నాను మనవరాలితో. తాగవలసినవాళ్లు అప్పటికే వెళ్లిపోయారన్నది ఎక్కడ రాయాలో ఆమె అడగలేదు.